అల్గర్రోబో అంటే ఏ చెట్టు?

ప్రశ్న: మాది అనంతపురం జిల్లా. ఉద్యోగరీత్యా హైదరాబాదులో ఉంటూ, తీరిక వేళల్లో స్పానిష్ నేర్చుకుంటున్నాను. సాధన కోసం ఉత్తర అర్జెంటీనాలోని ఒక పల్లెలో జరిగే చిన్న కథను తెలుగులోకి తెస్తున్నాను. కథంతా ఇంటి ముందున్న ‘అల్గర్రోబో’ అనే చెట్టు చుట్టూ తిరుగుతుంది. ఒక అవ్వ దాని కాయలు దంచి రొట్టె చేస్తుంది. నిఘంటువులో ఆ మాటకు ‘కరోబ్’ అని ఉంది. కానీ కరోబ్‌కు ముళ్ళుండవట, కథలోని చెట్టుకు ముళ్ళున్నాయి. అర్జెంటీనా చెట్టు ఫొటో చూస్తే మా ఊరి చెరువులో కమ్ముకున్న సర్కారు తుమ్మే గుర్తొచ్చింది. ‘జమ్మి’ అని రాసెయ్యమని ఒక మిత్రుడి సలహా. అసలు ఈ పేరుకు అర్థమేమిటి, అది ఎక్కడ పుట్టింది, తెలుగులో నేను ఏమని రాయాలి?

సమాధానం: నిఘంటువు మీకు చెప్పిందీ నిజమే, మీరు ఫొటోలో చూసిందీ నిజమే. అల్గర్రోబో అన్న పేరు స్పెయిన్‌లో ఒక చెట్టుకూ, అర్జెంటీనా, చిలీ, పెరూ దేశాల్లో వేరే చెట్ల గుంపుకూ, కరీబియన్ ప్రాంతంలో మూడో చెట్టుకూ చెల్లుతుంది. ఇవన్నీ చిక్కుడు కుటుంబానికి చెందినవే అయినా, వాటి మధ్య అంతకు మించిన దగ్గరి చుట్టరికం లేదు. చిన్న నిఘంటువులు స్పెయిన్ అర్థాన్ని ఇచ్చి ఊరుకుంటాయి. కథ ఏ దేశానిదో చూడకుండా ఆ అర్థాన్ని దించుకుంటే, అవ్వ ఇంటి ముందు ఆమె జన్మలో చూడని చెట్టు మొలుస్తుంది. అందుచేత పేరు పుట్టుక ముందు చెప్పి, అది సముద్రం దాటిన తీరు తరవాత చెప్పి, మీ అనువాదం సంగతికి చివర వస్తాను.

ఈ పేరులో మొదట పుట్టింది చెట్టు కాదు, కాయ. స్పానిష్‌లో చాలా పళ్ళకు ‘ఆ’కారంతో ముగిసే స్త్రీలింగ నామం ఉంటుంది, ఆ పండు కాసే చెట్టుకు అదే మాట ‘ఓ’కారంతో పుంలింగమవుతుంది. ఆపిల్ పండు మన్సానా, చెట్టు మన్సానో. బాదం గింజ అల్మేంద్రా, చెట్టు అల్మేంద్రో. నారింజ పండు నరంహా, చెట్టు నరంహో. (ఆ నరంహా మన నారింజకు చుట్టమే. భారతదేశపు మాట పర్షియన్, అరబిక్ భాషల మీదుగా స్పెయిన్ చేరింది.) అదే వరసలో కాయ అల్గర్రోబా, దాన్ని కాసేది అల్గర్రోబో. ఈ సూత్రం అన్నిచోట్లా పనిచేయదు. అత్తిపండు ఈగో అయితే చెట్టు ఈగేరా అవుతుంది. అయినా మీ కథకు ఈ తేడా ముఖ్యం. అవ్వ దంచుతున్నది అల్గర్రోబాను, కూర్చున్నది అల్గర్రోబో కింద. ఒక్క అచ్చు తేడాతో స్పానిష్ రచయిత చెప్పేసిన దాన్ని తెలుగులో మీరు ‘కాయ’, ‘చెట్టు’ అన్న మాటలు చేర్చి చెప్పాలి.

ఇక అల్గర్రోబా అనే మాట అరబిక్ నుంచి వచ్చింది. 711లో ఉత్తర ఆఫ్రికా నుంచి జలసంధి దాటి వచ్చిన సేనలతో మొదలై, 1492లో గ్రనడా లొంగిపోయేదాకా, స్పెయిన్, పోర్చుగల్ ఉన్న ఐబీరియా ద్వీపకల్పంలో ఎక్కువో తక్కువో భాగం అరబిక్ మాట్లాడే పాలకుల కింద ఉంది. ఆ కాలంలో పొలం, తోట, వంటిల్లు, కాలువలకు సంబంధించిన వందల మాటలు స్పానిష్‌లో చేరాయి. అరబిక్‌లో ఈ కాయను ‘ఖర్రూబ’ అంటారు. దాని ముందు ఉండే ‘అల్’ అనేది ‘ఆ ఫలానా’ అని సూచించే అవ్యయం లాంటిది. వినే స్పానిష్ చెవికి ఆ రెండూ కలిసి ఒకే మాటగా తోచడంతో ‘అల్’ పేరులో భాగమైపోయింది. పత్తికి అల్గొదోన్, చక్కెరకు అసూకర్, నూనెకు అసేయితే అన్న మాటలు తయారైనది కూడా ఇలాగే. ఇప్పుడు స్పానిష్ వాళ్ళు వాటి ముందు మళ్ళీ తమ సొంత ‘లా’నో ‘ఎల్’నో చేర్చి మాట్లాడతారు. అంటే ఒకే పని చేసే మాట రెండు భాషల్లో రెండుసార్లు పడుతుంది, ఎవరికీ ఎబ్బెట్టుగా ఉండదు. మనం ‘గేటు తలుపు’ అన్నట్టే.

పొరుగు భాషలు ఇదే మాటను తమ తమ తీరులో పలికాయి. పోర్చుగీసులో అది అల్ఫర్రోబ, కాటలాన్‌లో ‘అల్’ రాలిపోయి గర్రోఫ, ఇటాలియన్‌లో కర్రూబ, ఫ్రెంచిలో కరూబ్. ఇంగ్లీషు కరోబ్ కూడా ఆ కుదురుదే. అరబిక్ గొంతులోంచి పలికే ‘ఖ’ను ఒకరు గకారంగా, ఒకరు ఫకారంగా, మరొకరు కకారంగా పట్టుకున్నారు. అరబిక్‌కు కూడా ఇది సొంత సృష్టి కాదు. దాని బంధువైన అరమాయిక్‌లో ఈ మాట ఉంది, ఇంకా వెనక్కి వెళితే మెసపొటేమియా మట్టి పలకల మీద రాసిన అక్కడియన్ భాషలో ‘ఖరూబు’ కనిపిస్తుంది. కాయ వంపును బట్టి ఇది ‘గాడిద దవడ’ అనే పర్షియన్ సమాసం నుంచి వచ్చిందన్న వాదన ఒకటుంది. చెప్పుకోవడానికి సరదాగా ఉంటుంది గాని, అక్కడియన్ సాక్ష్యం అంత పాతదై ఉండగా ఆ దవడను నమ్మడం నాకు కష్టం. మీరు అడిగిన ‘అర్థం’ విషయానికి వస్తే, చింత, వేప అన్న మాటలకు విడదీసి చెప్పే అర్థం లేనట్టే, ఖర్రూబకు కూడా ఆ కాయ, ఆ చెట్టు తప్ప వేరే అర్థం లేదు.

స్పెయిన్‌లో ఆ పేరు మోస్తున్న చెట్టును శాస్త్రజ్ఞులు సెరటోనియా సిలిక్వా అంటారు. గ్రీకులో ‘కెరాతియోన్’ అంటే చిన్న కొమ్ము, లాటిన్‌లో ‘సిలిక్వా’ అంటే కాయ. కొమ్ములా వంగిన కాయ కాసేదని శాస్త్రనామం చెబుతోంది. వలెన్సియా, కాటలోనియా తీరాల్లోనూ, బలేయారిక్ దీవుల్లోనూ, దక్షిణాన మాలగ వైపునా ఆలివ్ చెట్లకు తోడుగా ఇది కనిపిస్తుంది. ఏడాది పొడుగునా పచ్చగా ఉండే చెట్టు ఇది. గుండ్రటి, దళసరి ఆకులుంటాయి, ముల్లు ఒక్కటి కూడా ఉండదు. పూత కొమ్మల చివర్లలో కాక, పనస మాదిరిగా ముదురు కొమ్మల మీదా మాను మీదా నేరుగా వస్తుంది. ముదురు గోధుమరంగులో, జానెడు దాకా పెరిగే కాయలో తియ్యటి గుజ్జు ఉంటుంది. తరతరాలుగా అది గాడిదలకు, కంచరగాడిదలకు, పందులకు మేత. 1936–39 అంతర్యుద్ధం తరవాతి కరవు రోజుల్లో మనుషులు కూడా దానితో ఆకలి తీర్చుకున్నారు. ఇప్పుడు దాని పొడి కోకోకు బదులుగా అమ్ముడవుతోంది, గింజల జిగురు ఐస్‌క్రీముల్ని చిక్కబరచడానికి వాడుతున్నారు.

ఆ గింజతో ఒక తూకం కూడా పుట్టింది. గ్రీకు కెరాతియోన్ అరబిక్‌లో ఖీరాత్‌గా మారి, స్పానిష్‌లో కిలాతే, మన నగల దుకాణాల్లో క్యారెట్ అయింది. 1907లో రత్నాల క్యారెట్‌ను 200 మిల్లీగ్రాములుగా స్థిరపరిచారు. మన కంసాలులు గురివింద గింజను తూకానికి వాడినట్టే మధ్యధరా తీరంలో కరోబ్ గింజను వాడారు. గింజలన్నీ ఒకే బరువు తూగుతాయన్న నమ్మకం మాత్రం పరీక్షకు నిలిచేది కాదు.

బైబిల్ చదివే పాఠకులకు ఈ కాయ తెలియకుండానే తెలుసు. లూకా సువార్తలో తప్పిపోయిన కుమారుడు పందుల మేతతో కడుపు నింపుకోవాలని ఆశపడతాడు. గ్రీకు మూలంలో ఆ మేత కెరాతియా, అంటే కొమ్ముకాయలే. తెలుగు బైబిల్లో అది ‘పొట్టు’ అయింది, స్పానిష్ రేయినా–వలేరా అనువాదంలో ‘అల్గర్రోబాస్’ అని ఉంది. స్పానిష్ రైతుకు ఆ కాయ తన పాకలో ఉన్నదే కాబట్టి అనువాదకుడికి ఇబ్బంది రాలేదు. తెలుగులో ఆ కాయ లేదు, పొట్టు ఉంది. ఆ అనువాదకుడు చెట్టును వదిలేసి, పందులు తినేది మనిషి తినాలనుకున్నాడన్న దైన్యాన్ని పట్టుకున్నాడు. అక్కడ అది సరైన నిర్ణయమేనని నా అభిప్రాయం. మీ కథలో ఆ వెసులుబాటు మీకు ఎందుకు లేదో కిందికి వెళ్ళాక చెబుతాను.

స్పెయిన్‌లోనే ఈ పేరు మరో రెండింటికి పాకింది. స్పెయిన్ నడిమి ప్రాంతమైన కస్తీయ వైపు అల్గర్రోబా అంటే పశువుల కోసం చల్లే ఒక పప్పుజాతి మేత మొక్క. కొమ్మల నిండా గులాబీరంగు పూలు పూసే మరో చెట్టును ‘అల్గర్రోబో లోకో’ అంటారు. లోకో అంటే పిచ్చి. కాయ చూడబోతే అల్గర్రోబాలాగే ఉంటుంది, తినబోతే కాదు, కాబట్టి పిచ్చిది. పనికిరాని మొక్కకు పిచ్చి అన్న విశేషణం తగిలించడం మనకూ అలవాటే గనక దీన్ని విప్పి చెప్పనక్కరలేదు.

16వ శతాబ్దంలో స్పానిష్ వాళ్ళు పెరూ తీరం వెంబడి, ఆండీస్ దాటి ఇప్పటి అర్జెంటీనా వాయవ్య మైదానాల్లోకి దిగారు. అర్జెంటీనాలో నేటికీ నిలిచివున్న నగరాల్లో అన్నిటికన్నా పాతదైన సాంతియాగో దెల్ ఎస్తేరో 1553లో ఏర్పడింది. వాళ్ళకు అక్కడ, ఉప్పునేలల్లోనూ ఎండిన వాగుల పక్కనా, పెద్ద గొడుగులా పరుచుకున్న ముళ్ళచెట్లు కనిపించాయి. వాటికి గుత్తులుగా వేలాడే పొడుగాటి తియ్యటి కాయలను మనుషులూ తింటున్నారు, పశువులూ తింటున్నాయి. కాయ ఎండాక గింజ గలగలలాడటం, పిండిగా దంచుకోవడం, మేతగా వెయ్యడం, అన్నీ ఇంటి దగ్గర చూసిన అల్గర్రోబా లక్షణాలే. ఆకు వేరు, ముల్లు ఉంది, పువ్వు వేరు. అయినా కాయను బట్టి చెట్టుకు పేరు పెట్టే అలవాటున్న భాష కాబట్టి అవేవీ అడ్డు రాలేదు. వలస వచ్చినవాళ్ళు కొత్త నేల మీద చాలాసార్లు ఇదే చేశారు. దేవదారు అన్న అర్థమున్న ‘సెద్రో’ను మన వేప కుటుంబానికి చెందిన ఒక అమెరికా చెట్టుకు పెట్టారు. పైన్ కాయ పేరైన ‘పీన్యా’ అనాసకు అంటుకుంది.

అలా అర్జెంటీనాలో తెల్ల అల్గర్రోబో, నల్ల అల్గర్రోబో, చిలీలో చిలీ అల్గర్రోబో, పెరూ ఉత్తర తీరంలో మరొకటి వచ్చాయి. ఇవన్నీ ఇటీవలి దాకా ప్రోసోపిస్ అనే ప్రజాతిలో, అంటే దగ్గరి జాతుల గుంపులో, ఉండేవి. కరీబియన్ దీవుల్లోనూ, కొలంబియా ఉత్తర తీరంలోనూ అల్గర్రోబో అంటే ప్రోసోపిస్ కూడా కాదు, హైమెనియా అనే ఎత్తయిన అడవి చెట్టు. దాని కాయ పగలగొడితే ముక్కు మూసుకోవలసినంత వాసన వేస్తుంది గాని, లోపలి పొడి తియ్యగా ఉంటుంది. అక్కడ కూడా పేరు పెట్టినవాళ్ళు చూసింది తియ్యటి పిండి ఉన్న కాయనే.

స్పానిష్ వాళ్ళు రాకముందు ఈ చెట్లకు పేర్లు లేకపోలేదు. మీ కథ జరిగే ప్రాంతపు ఆదివాసీ భాష కెచువా మాటల్లో అది ‘తాకు’. ఈశాన్యాన గ్వారనీ భాషలో ‘ఇబొపె’. ఉత్తర అర్జెంటీనాలోని చాకో ప్రాంతంలో ‘తాకో పోసో’ అనే ఊరుంది. కథలో అలాంటి ఊరి పేరు తగిలితే మెక్సికో వాళ్ళు తినే టాకో అనుకునేరు. అది ఈ చెట్టే, పోసో అంటే బావి. వాయవ్య అర్జెంటీనా పల్లెల్లో దీన్ని పేరైనా పెట్టకుండా ‘ఎల్ ఆర్బొల్’, అంటే ‘ఆ చెట్టు’ అని పిలిచే అలవాటు కూడా ఉంది. ఊళ్ళో వెయ్యి చెట్లున్నా ‘చెట్టు’ అంటే ఏదో అందరికీ తెలుసు. మీ కథలో రచయిత ఒకచోట అల్గర్రోబో అని, మరోచోట కేవలం ఆర్బొల్ అని రాసి ఉంటే, అది విసుగు పుట్టకుండా మాట మార్చడం కాదు, ఆ గౌరవమే కావచ్చు. అక్కడ మీరు కూడా ‘ఆ చెట్టు’ అనే ఉంచండి.

ఆ గౌరవానికి మూలం తిండి. డిసెంబరు నుంచి ఫిబ్రవరి దాకా, అంటే వాళ్ళ వేసవిలో, కాయలు లేత పసుపు రంగుకు తిరిగి రాలతాయి. వాటిని ఏరి, ఎండబెట్టి, చెక్క రోలులో రోకలితో దంచి, జల్లించి, ఆ పిండిని అచ్చులో అదిమి గట్టిపరచి చేసేది ‘పతాయ్’ అనే రొట్టె. గుజ్జులోనే చక్కెర ఉంటుంది గనక వేరే తీపి వెయ్యరు, పొంగడానికి పులిసిన పిండీ కలపరు. దంచిన కాయలను నీళ్ళలో కలిపి అప్పటికప్పుడు తాగితే ‘అన్యాపా’, పులియబెట్టి తాగితే ‘అలోహా’. పెరూలోని పియూరా, లంబయేకే వైపు కాయలను ఉడికించి, వడగట్టి, చిక్కటి నల్లటి పాకం కాస్తారు, దాన్ని ‘అల్గర్రోబీనా’ అంటారు. చెక్క ఎంత గట్టిదంటే, దాన్ని దిమ్మెలుగా కోసి ఒకప్పుడు బ్వేనోస్ ఐరేస్‌లోని కొన్ని వీధులకు రాళ్ళకు బదులు పరిచారు. సాన్ లూయిస్ రాష్ట్రంలోని మెర్లో పట్టణం దగ్గర వందల ఏళ్ళ వయసున్న ఒక చెట్టుంది. దాన్ని ‘తాత అల్గర్రోబో’ అని పిలిచి చూడటానికి వెళతారు.

ఇక మీ ఊరి చెరువు సంగతి. సర్కారు తుమ్మ కూడా అమెరికా ఖండపు చెట్టే. ఇన్నాళ్ళూ ప్రోసోపిస్ జూలిఫ్లోరా అన్న శాస్త్రనామంతో తెలిసినది. మెక్సికో, మధ్య అమెరికా, కరీబియన్, దక్షిణ అమెరికా ఉత్తర తీరం దాని పుట్టిల్లు. దాన్ని మన దేశానికి తెచ్చిన తొలి చరిత్రలో మీ పొరుగు జిల్లా పేరే వస్తుంది. 1877 ప్రాంతంలో మద్రాసు అటవీశాఖ కడప జిల్లా కమలాపురంలో దీన్ని నాటించింది. మెట్టనేలల్లో వంటచెరకు కోసం తెచ్చిన ఆ చెట్టుకు మన జనం తమకు తెలిసిన తుమ్మ పేరు పెట్టి, తెచ్చినవాళ్ళ గుర్తుగా ‘సర్కారు’ అనో ‘ఇంగ్లీషు’ అనో ముందు చేర్చారు. నెల్లూరు, ప్రకాశం వైపు దాన్నే చిల్లచెట్టు అంటారు. తమిళులు సీమ కరువేలం, హిందీవాళ్ళు విలాయతి బబూల్, కన్నడిగులు బళ్ళారి జాలి అన్నారు. గుజరాతీలు ‘గాండో బావళ్’ అన్నారు. గాండో అంటే పిచ్చి, స్పానిష్ లోకోకు సరిజోడు.

అంటే స్పానిష్ వాడు తన ఊరి అల్గర్రోబా కాయను చూసి అమెరికా చెట్టుకు పేరు పెట్టాడు, మనవాడు తన ఊరి తుమ్మ ముల్లును చూసి అదే గుంపులోని అమెరికా చెట్టుకు పేరు పెట్టాడు. తేడా ఒక్కచోట ఉంది. మన పేరులో ‘ఇది బయటిది’ అన్న ముద్ర ఉంది, స్పానిష్ పేరులో లేదు. ఎందుకంటే అక్కడ బయటివాడు చెట్టు కాదు, పేరు పెట్టినవాడే. తెల్లది, నల్లది అన్న విభజన మాత్రం రెండు చోట్లా ఒకలాగే జరిగింది. వాళ్ళకు తెల్ల, నల్ల అల్గర్రోబోలున్నట్టే మనకు తెల్లతుమ్మ, నల్లతుమ్మ ఉన్నాయి.

అయితే మీరు ఫొటోలో చూసినది మన సర్కారు తుమ్మే కాదు, దాని తోబుట్టువు. సర్కారు తుమ్మను కొలంబియాలో త్రుపీయో, వెనెజ్వేలాలో కుహీ అంటారు. మెక్సికోలో దీన్నీ దీని జాతివాటినీ కలిపి, నావాతల్ భాషలోని మిస్కిత్ల్ నుంచి వచ్చిన ‘మెస్కీతే’ అన్న మాటతో పిలుస్తారు. అర్జెంటీనా పల్లెలోని చెట్టు ఎక్కువగా తెల్ల అల్గర్రోబోనో నల్ల అల్గర్రోబోనో అయివుంటుంది. ముల్లు, రెండంచెలుగా చీలిన సన్నని ఆకు, పసుపు కంకుల్లాంటి పూత, తియ్యటి కాయ పోలికలు కలుస్తాయి. కానీ అది పొదలా అల్లుకునేది కాదు, మాను కట్టి నీడనిచ్చే చెట్టు.

మీ మిత్రుడి ‘జమ్మి’ సలహాకు వృక్షశాస్త్రంలో ఆధారం లేకపోలేదు. తెలంగాణ రాష్ట్ర వృక్షమైన జమ్మి, ప్రోసోపిస్ సినరేరియా, చాలాకాలం ఈ అమెరికా చెట్లతో ఒకే ప్రజాతిలో ఉంది. 2022లో శాస్త్రజ్ఞులు ఆ ప్రజాతిని విడగొట్టి, అల్గర్రోబోలనూ సర్కారు తుమ్మనూ ‘నెల్తూమా’ అనే ప్రజాతిలోకి మార్చారు. పాత ప్రోసోపిస్ పేరు జమ్మి వైపే మిగిలింది. కనుక ఇప్పుడు అవి వేరుపడ్డ దాయాదులు. భక్తి విషయంలో కూడా జమ్మి దగ్గరగానే వస్తుంది. అయినా జమ్మి అన్న మాట తెలుగు పాఠకుడి చెవిన పడగానే దసరా, పాండవులు దాచిన ఆయుధాలు, ఆకు చేతిలో పెట్టి పెద్దల కాళ్ళకు మొక్కడం గుర్తుకొస్తాయి. అర్జెంటీనా అవ్వ ముంగిట్లో అవన్నీ దిగబడితే కథ నడవదు. పైగా ఆమె ఆ చెట్టుకు మొక్కడం లేదు, దాని కాయ తింటోంది.

సర్కారు తుమ్మ అని రాస్తే చిక్కు ఇంకా పెద్దది. మన దగ్గర ఆ మాట వినగానే పూడిపోయిన చెరువు, గొర్రెల కాలికి దిగిన ముల్లు, పొలం గట్టు ఆక్రమించిన కంప, బొగ్గుబట్టీ మనసులో మెదులుతాయి. నరికినా చావని చెట్టది. ఆ కాయలు తియ్యనివేనని మేకలకూ పిల్లలకూ తెలుసు గాని, దాన్ని దంచి రొట్టె చేసుకునే అవ్వను మన పాఠకుడు గత్యంతరం లేని పేదరాలిగా చదువుతాడు. మూలంలో ఆమె ఏడాదికోసారి ఇంటిల్లిపాదీ ఎదురుచూసే వంట చేస్తూ ఉండవచ్చు. చెట్టు పోలిక సరిపోయినా మనిషి పరువు మారిపోతుంది. తప్పిపోయిన కుమారుడి కథలో దైన్యమే చెప్పవలసినది కాబట్టి పొట్టు సరిపోయింది, అక్కడ ఏ కాయ అన్నది పాఠకుడికి అక్కరలేదు. మీ కథలో చెట్టు ఒక పాత్ర, దాని కాయ ఆ పాత్ర చేసే పని.

కాబట్టి నా సలహా, పేరును అలాగే ‘అల్గర్రోబో’ అని ఉంచి, మొదటిసారి వచ్చినచోట వాక్యంలోనే చెట్టు రూపం కనిపించేట్టు రాయమని. మీరు పంపిన చిత్తుప్రతిలో ‘అవ్వ కరోబ్ చెట్టు కింద కూర్చుని కాయలు దంచుతోంది’ అని ఉంది. దాని బదులు ‘అవ్వ ముంగిట్లోని అల్గర్రోబో నీడలో కూర్చుని, ఎండి పసుపుబారిన దాని కాయల్ని రోట్లో వేసి దంచుతోంది, పైన సన్నాకుల మధ్య ముళ్ళు తెల్లగా మెరుస్తున్నాయి’ అన్నట్టు రాసి చూడండి. నీడ, రంగు, రోలు, ముల్లు ఒక్క వాక్యంలో వచ్చేస్తాయి, పాఠకుడు నిఘంటువు వెతకనక్కరలేదు. పుట అడుగున వివరణ తప్పనిసరి అనుకుంటే ఒక్క వాక్యం చాలు. ‘మన సర్కారు తుమ్మకు దగ్గరి జాతి, కానీ నీడకూ తిండికీ పెంచుకునే పెద్ద చెట్టు’ అనండి. వివరణలో ఆ పోలిక వస్తే హాని లేదు, కథలోకి మాత్రం రానివ్వకండి. పతాయ్‌ను కూడా పేరు మార్చకుండా, మొదటిసారి ‘పతాయ్ రొట్టె’ అని, తరవాత ఉత్త పతాయ్ అని రాయవచ్చు.

ఇంకో రెండు మూడు చిన్న సంగతులున్నాయి. ‘అల్గర్రోబాల్’ అని కనిపిస్తే అది కాయా కాదు, చెట్టూ కాదు. చివరి ‘ఆల్’ సమూహాన్ని చెబుతుంది గనక, మనం మామిడితోపు, చింతతోపు అన్నట్టు ‘అల్గర్రోబో తోపు’ అనాలి. ఊరి పేరుగా వస్తే, ఉదాహరణకు చిలీ తీరంలోనూ స్పెయిన్‌లోని మాలగ దగ్గరా ఉన్న అల్గర్రోబో అనే ఊళ్ళ మాదిరిగా, దాన్ని చెట్టుగా విడదీయకండి. స్పెయిన్ కథ అనువదించే రోజు వస్తే అప్పుడు మాత్రం నిఘంటువు చెప్పిన కరోబ్ సరైన మాటే. ఉచ్చారణలో ‘ర్ర’ను నాలుక కొసతో దొర్లించి పలకాలి, ఊనిక ‘ర్రో’ మీద పడుతుంది. చివరి బకారం పెదవులు పూర్తిగా మూయకుండా, బకార వకారాల నడుమ వినిపిస్తుంది. అయినా తెలుగులో ‘బో’ అనే రాయండి. ‘వో’ అని రాస్తే రేపు మూలంలో వెతుక్కునే పాఠకుడికి మాట దొరకదు.